కథలపిట్ట లేవలేదు

ఒవెన్ తలుపు తీయగానే వెన్న, మిరియాలు కలిసి కాలిన వాసన వస్తుంది. ఆ వాసన తగిలితే నాకు ఇప్పటికీ ఆరేళ్లే.

అప్పుడు అమెరికాలో, ఇర్వింగ్‌లో ఉండేవాళ్లం. మా ఇంట్లో మాంసం వండరు. ఆర్నెల్లు ఉండడానికి వచ్చిన అమ్మమ్మ, అన్నం తినిపిస్తూ కథలపిట్ట గురించి చెప్పేది. అది మంటల్లో కాలిపోతుందట. చల్లారేలోగా ఎవరైనా దానికి ఒక కథ పూర్తిగా చెబితే రెక్కలు విదిల్చి లేస్తుందట.

థాంక్స్‌గివింగ్ పండక్కి పక్క అపార్ట్‌మెంట్ సునీత ఆంటీ మమ్మల్ని పిలిచింది. మాకోసం విడిగా పులిహోర కూడా చేసింది. తర్వాత ఒవెన్‌లోంచి ట్రే బయటికి లాగింది.

అందులో తల లేని పెద్ద పిట్ట, రెక్కలు ముడుచుకుని ఉంది. నేను కొయ్యబారిపోయాను. పెద్దవాళ్లంతా ఫోటోలు తీస్తున్నారు గానీ ఒక్కరూ కథ మొదలుపెట్టరు.

నేనే దగ్గరికెళ్లి, "అనగనగా ఒక కాకి" అంటూ గబగబా అందుకున్నాను. ఇంతలో అంకుల్ కత్తి తెచ్చాడు.

"అంకుల్, వెయిట్ చేయండి. స్టోరీ ఇంకా అవలేదు."

"నువ్వు చెప్తూ ఉండు బంగారం, నేను కట్ చేస్తా."

ఆయన పిట్ట కాలు పట్టుకుని మెలిపెట్టాడు. టక్కుమని ఊడొచ్చింది. కాకి కథ సగంలోనే ఆగిపోయింది. ఆ రోజు పులిహోర కూడా మింగుడుపడలేదు. ఇంకాస్త తొందరగా చెప్పి ఉంటే బతికేదని చాన్నాళ్లు కుమిలిపోయాను.

ఇప్పుడు ఆ పండక్కి మా ఇంట్లో టర్కీ కోడిని కోసేది నేనే. కత్తి దించేముందు కాసేపు కళ్లు మూసుకుంటాను. ప్రార్థన అనుకుని పిల్లలు తలలు వంచుకుంటారు. నేను మనసులో ఆ కాకి కథ చివరిదాకా చెప్పి, అప్పుడు కళ్లు తెరుస్తాను.