జ్ఞానస్నానపు పళ్లెం

ప్రతి శనివారం దర్శి పక్క పల్లె క్రీస్తు గుడిలో, బిడ్డల తల మీద నీళ్లు పోసి జ్ఞానస్నానాలిచ్చే ఇత్తడి పళ్లేన్ని చింతపండు పెట్టి తన ముఖం కనబడేదాకా తోమేది శౌరమ్మ. ఇప్పుడు మధ్యలోనే చెయ్యి ఆగిపోతోంది. మిరపకోతలయ్యాక బిడ్డకు జ్ఞానస్నానం చేయిద్దామన్నాడు మొగుడు. కోతలు కాకముందే జ్వరమొచ్చి బిడ్డ పోయాడు.

ఈ శనివారం ఉండబట్టలేక అడిగేసింది. "నా బిడ్డకి మోక్షం ఉందా, ఫాదర్ గారూ?"

ముసలి ఫాదర్ గారు కళ్లద్దాలు తీసి తుడుచుకున్నారు. "జ్ఞానస్నానం లేకపోతే పసివాళ్లకైనా మోక్షం లేదని పూర్వం మన శ్రీసభ తొలి గురువుల్లో ఒకాయన రాశాడమ్మా. దేవుడు పసివాళ్లనలా వదిలెయ్యడని ఇంకొకాయన రాశాడు. మనవాళ్లు మొదటాయన మాటే గట్టిగా పట్టుకున్నారు."

"ఇద్దరూ చదివింది ఒకటే గ్రంథమాండీ?"

"ఒకటేనమ్మా."

"మరి దయగల మాటెందుకు వదిలేశారు?"

ఆయన కళ్లద్దాలు పెట్టుకుని జ్ఞానస్నానాల పుస్తకం తెరిచారు. రేపు ఇంకెవరి బిడ్డకో జ్ఞానస్నానం ఉంది. శౌరమ్మ చింతపండు కింద పెట్టేసి, కిలుం పట్టిన పళ్లేన్ని అలాగే పీట మీద బోర్లించి ఇంటికి నడిచింది.