సంచోడి మీద విచారణ

వెంకటరమణప్పకు లోకంలో ఎవరి మీదా అనుమానం లేదు, పిల్లల కథల్లో ఉండేవాళ్ల మీద తప్ప. పాలలో సగం నీళ్లున్నా నోరెత్తేవాడు కాదు. కథలో పులి మాట్లాడిందంటే మాత్రం వదిలేవాడు కాదు. పుంగనూరు కోర్టులో ముప్పై ఏళ్లు బంట్రోతుగా సాక్షులను కేకేసి పిలిచి, ఎమర్జెన్సీ ఎత్తేసిన ఏడాది రిటైరై రామకుప్పం చేరాడు. బాలవాడి టీచరు శారదమ్మకు కష్టాలు అప్పుడే మొదలయ్యాయి. పొద్దున్నే కిటికీలో ఆయన తలకాయ!

“పులి అవ్వను మింగిందా? చీరతోనా, చీర లేకుండానా?”

“కథప్పా!”

“అంత కొప్పు గొంతుకు అడ్డం పడలేదా? పులి దగ్గలేదా?”

పిల్లలు పడీ పడీ నవ్వేవాళ్లు. ఆయన నోటుబుక్కు తీసి ఏదో రాసుకునేవాడు. ఆ రాతంటేనే శారదమ్మకు గుబులు. తన మీద పైకి అర్జీ పెడుతున్నాడని అనుమానం.

సోమవారం కుప్పం నుంచి తనిఖీ. ఇరవైమంది పిల్లలు లేకపోతే బాలవాడిని వేరే ఊరికి మార్చేస్తారు. శారదమ్మ ఉద్యోగం గాలిలో దీపమే. సరిగ్గా ఆ వారమే అయిదుగురు పిల్లలు మానేశారు.

“మీరే గదప్పా బిడ్డల్ని మాన్పించింది?”

“నేను కాదమ్మా, నీ సంచోడు!”

అన్నం మిగిల్చిన బిడ్డను సంచోడు మూటగట్టి కొండకు పట్టుకుపోతాడని శారదమ్మే పాట కట్టింది. ఆ దెబ్బకు పళ్లేలు ఖాళీ అయిన మాట నిజమే. కానీ అది రాగుల నూర్పిడి కాలం. ఊళ్లో ఏ మగాడి భుజాన చూసినా సంచే. ఆ అయిదుగురూ గడప దాటితే ఒట్టు!

శారదమ్మ నమ్మలేదు. ముసలాయన తప్పు తన మీదికి తోస్తున్నాడనుకుంది.

సోమవారం తనిఖీ ఆవిడ పదహారు దాకా లెక్కబెట్టి పెన్ను మూత తీసింది. అంతలో వీధిలో ఒకటే గోల. వెంకటరమణప్ప భుజాన గోనెసంచి. వెనక నలుగురు పిల్లలు సంచికి ఆసరా పడుతున్నారు. సంచిలోంచి అయిదో పిల్ల చిన్నమ్మ తల బయటికొచ్చింది.

“టీచరక్కా, సంచోడికి సేతగాదు! మూడుతూర్లు దించేసినాడు! నీళ్లు గూడా అడిగినాడు!”

మొత్తం ఇరవై ఒక్కమంది.

దించే హడావుడిలో ఆయన నోటుబుక్కు జారిపడింది. శారదమ్మ తీసి చూసింది. అర్జీ లేదు. ‘చిన్నమ్మకు సంచి భయం. మునస్వామికి పులి భయం, కొప్పు సంగతి అడగాల.’ పేజీల నిండా ఇదే. ఆమెకు సిగ్గేసింది, నవ్వూ ఆగలేదు.

వెంకటరమణప్ప నడుము పట్టుకుని గోడకు ఆనుకున్నాడు.

“అమ్మా, బిడ్డను కొండదాకా మోసినోడు నడుముకు ఏం పూసుకుంటాడో నీ పాటలో యాడా లేదే?”

“ఆముదమప్పా,” అంది శారదమ్మ, మొదటిసారి ఆయన ప్రశ్నకు జవాబు చెబుతూ. “కూర్చోండి, కాచి తెస్తా.”