అత్త వెనక్కి తీసుకున్న సాక్ష్యం

పోయిన సోమవారం పొద్దున మా అత్త పోయింది. రేగొండ దగ్గరి మా ఊళ్లో, తన మంచం మీదే, చాయ్ తాగి గ్లాసు కింద పెట్టాక పోయింది. చుట్టాలకు కబురు రాశాక, ఈ నాలుగు మాటలు రాయడానికి కూర్చున్నాను. ఆమె కోడలినని చెప్పుకోవడం నాకు గర్వం.

జనగామలో చదువుకుంటుండగా తెలంగాణ ఉద్యమం వచ్చి కాలేజీ మూతపడింది. మళ్లీ తెరిచేలోపే పెళ్లి చేసి నన్నీ ఊరికి పంపారు. కొత్తలో అత్తంటే నాకు హడల్. పప్పులో ఉప్పు తగ్గినా వాడంతా వినిపించేలా చెప్పేది. తప్పు పట్టడంలో ఆమెకు తన, పర భేదం లేదని తర్వాత తెలిసింది.

కొన్నేళ్లకు, ఒక వానాకాలం పొద్దున, మా పక్క పొలం గట్టు మీద ఒక రైతును ఎవరో వెనక నుంచి గొడ్డలితో కొట్టి పారిపోయారు. రైతు బతికాడు గానీ కొట్టినవాణ్ని చూడలేదు. నారు పీకుతున్న మా అత్త చూసింది. తల మీదుగా గొంగడి కొప్పెర వేసుకుని పరిగెత్తినవాడు మా ఊరి సాంబయ్యేనని పోలీసులకూ, కోర్టులోనూ చెప్పింది. సాంబయ్యకూ ఆ రైతుకూ గట్టు తగాదా ఉండేది, అందరూ నమ్మారు. ఒక్క మా అత్త మాట మీద ఏడేళ్ల శిక్ష పడింది. సాంబయ్య తల్లి రోజూ మా వాకిట్లో దుమ్మెత్తి పోసి తిట్టేది. "నేను సూసిందే చెప్పిన" అని అత్త తలెత్తి జవాబిచ్చేది.

శిక్ష పడిన మరుసటి వానాకాలం ఇద్దరం నాట్లు వేస్తున్నాం. వాన జోరుగా ఉంది. గొంగడి కప్పుకున్న మనిషొకడు గట్టు మీద వస్తుంటే అత్త నడుమెత్తి కేకేసింది.

"ఓ సాంబయ్యా! జైలు నుంచి ఎప్పుడొచ్చినవ్‌రా?"

ఆ మనిషి కొప్పెర తీశాడు. నా భర్త!

"ఏందవ్వా, నన్ను గుర్తువట్టలేదా?"

నేను పగలబడి నవ్వాను. అత్త నవ్వలేదు. చేతిలోని నారు నీళ్లలో వదిలేసి గట్టు మీద కూలబడింది. ఆ రోజు అన్నం ముట్టలేదు.

మామ బతిమాలాడు. "ఇప్పుడు మాట మారిస్తే నిన్నే లోపలేస్తరు. ఆ రైతు మనుషులు మనల్ని పొలం తొక్కనియ్యరు. జర ఊకో."

"ఆ పిలగాడు లోపలుంటే నేనెట్ల ఊకోవాలె?" అంది అత్త.

తెల్లారి నన్ను వెంటబెట్టుకుని సాంబయ్య వకీలును కలవడానికి వరంగల్ బస్సెక్కింది. ఆయన అప్పటికే అప్పీలు వేసి ఉన్నాడు. అప్పీలులో సాక్షిని మళ్లీ పిలవడం అరుదట, అయినా పట్టుబట్టి పిలిపించాడు.

"అప్పుడు చెప్పింది అబద్ధమా, ఇప్పుడు చెప్పేది అబద్ధమా?" అని వాయిదా నాడు కోర్టులో సర్కారు వకీలు గద్దించాడు.

"రెండూ కాదు సారూ. నేను సూసింది గొంగడిని. తగాదా సంగతి ఎరుకే గదా, దాంట్ల సాంబయ్య మొకం నేనే పెట్టుకున్న. వానల నా కొడుకునే గుర్తువట్టలే. గీ కండ్లను నమ్మి ఇంకొకామె కొడుకును జైల్ల ఉంచకుండ్రి."

"నీకూ శిక్ష పడొచ్చు, తెలుసా?" అన్నారు జడ్జిగారు.

"ఎరుకే సారూ. బట్టలు తెచ్చుకున్న."

అప్పుడర్థమైంది, పొద్దుటి నుంచి నేను మోస్తున్న సంచిలో ఏముందో. నాకు ఏడుపొచ్చింది. ఆ క్షణం నుంచి ఆమెకు నేను ఎదురు చెప్పలేదంటే అబద్ధమవుతుంది గానీ, ఆమె కన్నా గొప్పదానినని మాత్రం ఎన్నడూ అనుకోలేదు.

సాంబయ్య విడుదలయ్యాడు. అత్త మీద కేసు పెట్టలేదు. కొట్టినవాడెవడో నేటికీ తెలియదు. దెబ్బ తిన్న రైతు ఇంటివాళ్లు రెండేళ్లు మాతో మాట్లాడలేదు.

ఆ తర్వాత మా ఇంట్లో ఎవరు ఏం చూశామన్నా అత్తది ఒకటే ప్రశ్న. "మొకం సూసినవా?" పక్కింటి మేక మా వంకాయ మొక్కలు మేసిందని నేను కొట్లాటకు బయల్దేరితే, "మేక మొకం సూసినవా పిల్లా?" అని ఆపేసింది. చూడలేదు మరి, తోకే చూశాను!

సోమవారం సాంబయ్య తన ముసలి తల్లిని చెయ్యి పట్టుకుని తీసుకొచ్చాడు. ఆమె అత్త తల దగ్గర కూర్చుంది.

"నా కొడుకును పట్టిచ్చింది గిదే, ఇడిపిచ్చింది గిదే," అంది. "నాకు ఇంకా జర కోపమున్నది."

అంటూనే, అత్త నుదుటి మీద పడిన తెల్లవెంట్రుకలను వేళ్లతో వెనక్కి సర్దింది. పాడె ఎత్తేదాకా సర్దుతూనే ఉంది.