తాళికి ముందు తలంబ్రాలు

ఆ రోజుల్లో ఇంగ్లీషు రానివాడు కంప్యూటర్ ముట్టుకుంటే అది మైలపడుతుందన్నట్టు చూసేవారు. ఇప్పటికీ తలుచుకుంటే ఒళ్లు మండుతుంది. ఐదో తరగతితో చదువాపిన నేను నరసరావుపేటలో మా బావ స్టూడియోలో పెళ్లిళ్లకు లైటు పట్టుకునేవాణ్ణి. బావ ఎక్కడో చవకగా ఒక పాత కంప్యూటర్ కొనుక్కొచ్చాడు. వీడియో ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ తెరిస్తే అంతా జపాను భాష. (అది జపానని తెలిసింది కూడా ఆర్నెల్ల తరవాతే, అప్పటిదాకా చైనా అనుకున్నాం.) అందరూ దండం పెట్టి పక్కకు తప్పుకున్నారు. నేను ఒక్కొక్కటే నొక్కి చూస్తూ, అక్షరాల వాలకాన్నిబట్టి పేర్లు పెట్టుకున్నాను. రెండు రెక్కల తలుపు నొక్కితే ఫైలు తెరుచుకుంటుంది. కాళ్లు చాపి నడిచే మనిషిని నొక్కితే చేసిన తప్పు వెనక్కి పోతుంది. గడ్డివామి నొక్కితే పూర్తయిన పెళ్లి బయటికొస్తుంది. అలా లైటు దించి కుర్చీ ఎక్కాను.

ఏడాది తిరక్కుండానే బావ ఒక డిగ్రీ చదివినాయన్ను పెట్టాడు. మేం డిగ్రీ సారనేవాళ్లం. ఒకరోజు నేను టీ తాగి వచ్చేసరికి ఆయన భాషంతా ఇంగ్లీషులోకి మార్చేశాడు. (మార్చడం తెలిసినందుకు మెచ్చుకోవాలి. మెచ్చుకోను.) ఎదురుగా శావల్యాపురం పెళ్లికూతురి తండ్రి కూర్చుని ఉన్నాడు. తెల్లారితే పదహారు రోజుల పండగ, వాళ్లకు క్యాసెట్ కావాలి.

"ఒరేయ్ బామ్మర్దీ, నీకు ఇంగ్లీషు రాదుగా, లెగు. రేపట్నుంచి మళ్లీ లైటు పట్టుకుందువుగాని," అన్నాడు బావ.

డిగ్రీ సారు కూర్చుని ప్రతి మాటా గట్టిగా చదివాడు. చదువు బ్రహ్మాండం. కానీ ఏది నొక్కాడోగాని, తలంబ్రాలు ఎగిరొచ్చి మంగళసూత్రం ముందు పడ్డాయి.

"తాళి కట్టకముందే తలంబ్రాలేందయ్యా? వియ్యంకుడు చూస్తే నా పరువేం కావాల?" అన్నాడు పెళ్లికూతురి తండ్రి.

సారు వెతికినకొద్దీ పెళ్లి ఇంకా చెదిరింది. "లెగు సారూ," అన్నాను. అక్షరం మారిందిగానీ వరస మారలేదు. మనిషి ఉండే చోట నాలుగక్షరాల మాటేదో ఉంది. దాన్నే నొక్కుకుంటూ పోతే తలంబ్రాలు వెనక్కి వెళ్లాయి. వామి చోట నొక్కాను. పొద్దుగూకేలోపు క్యాసెట్ చేతిలో పెట్టాను. కుర్చీ నాదయింది. నాకొచ్చిన ఇంగ్లీషంతా ఆ తరవాత జపాను అక్షరాల చోట చూసి నేర్చుకున్నదే. అలా నేర్చినవాణ్ణి ఇంకొకణ్ణి చూపించండి.

మొన్న ఫోన్‌లో ఎడిటింగ్ యాప్ పెట్టిస్తుంటే షాపతను, "ఏ భాష పెట్టమంటావు తాతా?" అన్నాడు. "నాకన్నీ ఒకటేలే," అన్నాను ఛాతీ విరుచుకుని. తెలుగు పెట్టిచ్చాడు. ఇంటికొచ్చి అంతా అతికించాక, బయటికి తీద్దామని వామి కోసం వెతికితే ఒకచోట 'ఎగుమతి' అని ఉంది. మా వైపు ఎగుమతంటే మిరపకాయలే. మనవరాలి ఓణీల ఫంక్షన్ ఏ దేశం పోతుందోనని వేలు వెనక్కి తీసుకున్నాను. భాష మార్చమని ఆ షాపుకు వెళ్దామా అంటే, అంత గొప్ప చెప్పి వచ్చాక ఏ మొహంతో వెళ్లను?