రెండోసారి పాడిన పాట

సాల్మియాలో నేను పనిచేసిన ఇంటి మామా జాజ్ పాటగత్తె. ఇంటి యజమానురాలిని కువైట్‌లో మా వాళ్ళంతా మామా అనే పిలుస్తారు. ఆమెది గోవా. వయసులో బొంబాయి హోటళ్ళలో పాడింది, సినిమాల్లో వేసింది. ఏం వేషాలు మామా అంటే, హీరో దిగులుగా మందు తాగుతుంటే వెనకాల మైకు పట్టుకుని నిలబడే వేషాలు అంది. అందులోనూ పెదాలే ఆమెవి, గొంతు వేరేవాళ్ళది. తర్వాత ఇక్కడి హోటల్లో పాడటానికి వచ్చి, ఇక్కడి మనిషినే పెళ్ళాడి, ఆయన పోయాక కూడా ఇక్కడే ఉండిపోయింది.

నేనూ తక్కువదాన్నేం కాదు. రాయచోటి చుట్టుపక్కల పదిహేనేళ్ళు పద్యనాటకాల్లో రాణి వేషాలు కట్టాను. కిరీటం పెట్టిన నెత్తి మీద ఇప్పుడు బట్టల మూట మోస్తున్నానని నాకు లోలోపల మంట. ఆ మంట కనిపెట్టింది ఆమె ఒక్కతే. గిన్నెలు తోముతూ రాగం తీస్తే వంటింటి తలుపు దగ్గర నిలబడి వినేది. మా మాటలన్నీ హిందీలో, కోపమొస్తే మాత్రం ఎవరి భాష వాళ్ళది. జాజ్ అంటే ఏమిటని ఒకసారి అడిగాను. నిన్న పాడినట్టు ఈరోజు పాడకపోవడం అంది. మా పద్యం చివరి రాగమూ అంతే, ఆ పూట గొంతు ఎటు పోతే అటు పోతాం. ఆ రోజు నుంచి మా ఇద్దరికీ కుదిరింది.

నేను చేరిన మూడో ఏట ఆమె గొంతులో గడ్డ లేచింది. ఆపరేషన్ చేస్తే మనిషి దక్కుతుంది కానీ మాట దక్కదన్నారు డాక్టర్లు. లండన్‌లో ఉన్న కూతురికి అప్పుడు ఎనిమిదో నెల, విమానం ఎక్కొద్దన్నారట. నాకు ఫోన్ చేసి ఏడ్చింది. అమ్మ పాత క్యాసెట్లన్నీ ఇరాక్ యుద్ధమప్పుడు ఇల్లు దోచుకున్నవాళ్ళతో పోయాయి, ఒక్క పాటైనా రికార్డు చేసి పంపు, పుట్టబోయే బిడ్డకు అమ్మమ్మ గొంతు వినిపించాలి అని బతిమాలింది. అదెంత పని అన్నాను.

ఆపరేషన్ ఆదివారమనగా శుక్రవారం మధ్యాహ్నం నలుగురు పాత స్నేహితులు వచ్చారు. వాళ్ళలో ఒక ముసలాయన కీబోర్డు తెచ్చుకున్నాడు. మామా ఆకుపచ్చ గౌను వేసుకుని, పెదాలకు రంగు నన్నే దిద్దమంది. వేషాలకు అలవాటుపడిన చెయ్యి, చక్కగా దిద్దాను. ఒక్కటే పాట, రెండోదానికి ఊపిరి లేదని అందరికీ ముందే చెప్పింది. నేను ఫోన్ పట్టుకుని తలుపు పక్కన నిలబడ్డాను.

పాడింది. నాకు ఇంగ్లీషు రాదు, పాటకు అర్థం తెలియదు. చివర్లో గొంతు తగ్గించి, ఆగి, ఇక అయిపోయిందనుకునేటప్పటికి ఒకే ఒక్క మాటను అందుకుని ఎక్కడికో తీసుకుపోయింది. నాకు ఒళ్ళు తెలియలేదు. చప్పట్లు పడ్డాక ఫోన్ చూసుకుంటే, నేను అసలు బటన్ నొక్కనే లేదు.

అప్పుడు నేను చేసిన పని నాటకాలవాళ్ళు తప్ప ఎవరూ చెయ్యరు. మా ఊళ్ళల్లో పద్యం నచ్చితే జనం ‘వన్స్‌మోర్’ అని కేకవేస్తారు. కేక పడిందంటే, చచ్చి పడున్న రాజైనా లేచి ఆ పద్యం మళ్ళీ పాడి, మళ్ళీ చావాల్సిందే. పాడకపోతే ఆ ఊళ్ళో తలెత్తుకోలేం. నా తప్పు కప్పిపుచ్చుకోవడానికి నేను తలుపు దగ్గర్నుంచి గట్టిగా ‘వన్స్‌మోర్’ అని కేకవేశాను.

ముసలాయన వద్దన్నట్టు తల అడ్డంగా ఊపాడు. మామా మొహం మాత్రం వెలిగిపోయింది.

“ఆ మాట విని ముప్పై ఏళ్ళయింది” అంది.

మళ్ళీ ఎత్తుకుంది. ఈసారి నొక్కాను. సగంలోనే గొంతు చీలింది. దగ్గు మింగుకుంటూ, అందని చోట రాగం మార్చుకుంటూ చివరిదాకా లాక్కొచ్చింది. వచ్చినవాళ్ళు నేల చూపులు చూశారు. అయ్యాక ఆమె నా చెయ్యి పట్టుకుని షుక్రియా అంది. సిగ్గుతో చచ్చిపోయాను.

ఆ రికార్డే కూతురికి పంపాను. ఆపరేషన్ అయ్యాక మామా ఐదు నెలలు బతికింది, అన్నీ సైగలే. నిజం చెప్పేయాలని రోజూ అనుకునేదాన్ని. చెబితే ఆ ‘వన్స్‌మోర్’ కూడా ఆమె దగ్గర లాక్కున్నట్టవుతుందని నోరు మూసుకున్నాను.

ఆమె పోయాక కూతురు చంటిబిడ్డతో వచ్చింది. అమ్మ చివరికి అలా పాడిందా అని అడిగింది. ఇక దాచలేకపోయాను.

“లేదు పాపా. మీ అమ్మ మొదట శానా బాగా పాడింది. నేనే నొక్కేది మర్చిపోయినా.”

ఆమె నన్ను తిట్టలేదు. తిట్టినా బాగుండేది. ఆ మొదటిది ఎలా ఉందో చెప్పమంది. అది చెప్పే మాటలు నాకు ఏ భాషలోనూ లేవు. అందుకని పాడాను. మాటలు రావు కాబట్టి వరస మాత్రం తీశాను. చివర ఆ ఒక్క మాట దగ్గర మామా ఎక్కడికి వెళ్ళిందో అక్కడిదాకా వెళ్ళాను. బిడ్డ నా నోటి వైపే చూస్తోంది. కూతురు ఏడుస్తూ ఫోన్ తీసి, ఇంకొక్కసారి పాడవా అంది.

రెండోసారికి ఏం మిగులుతుందో ఒకసారి చూసినదాన్ని. కేక పడ్డాక పాడకుండా ఉండటం నా జన్మలో అదే మొదటిసారి.