వెలుగు దాకా మాదే

పటాన్‌చెరు దాటాక సంగారెడ్డి రోడ్డు పక్కన ఇప్పుడు ఎటు చూసినా పొగగొట్టాలే. నా చిన్నప్పుడు అక్కడ మాకొక చెలక ఉండేది. జొన్నా కందీ వేసేవాళ్లం. ఆ చెలక చివర ఏటా వానాకాలంలో వెలుగు వచ్చేది.

ఏ వెలుగు అని అడుగుతారు, తెలుసు. చెప్పి చెప్పి నాకూ విసుగొచ్చింది. ముసురు పట్టి వదిలిన సాయంత్రం, పొద్దు గూకుతుండగా, నేలలోంచి మోకాలెత్తున లేచేది. ఈ రాతిగుండు నుంచి ఆ రాతిగుండు దాకా, పసుపు నీళ్లను నిలబెట్టినట్టు. వేడి ఉండదు, చప్పుడు ఉండదు. కుండెడు అన్నం ఉడికేంత సేపు ఉండి మళ్లీ నేలలోకే ఇంకిపోయేది. నమ్మకపోతే మానండి, మాకది వానా ఎండా లాంటిదే. ఆ పూట ఊళ్లో ఎవరూ ఇంట్లో దీపం పెట్టేవాళ్లు కాదు. ఇంటికొచ్చిన పెద్దమనిషి ముందు మన గొప్ప చూపించుకోకూడదని పెద్దలు చెప్పేవారు.

పళ్లు రాకముందే పోయిన పిల్లల్ని ఆ వెలుగుకు ఇవతలే పాతిపెట్టేవాళ్లు, చీకట్లో భయపడకుండా ఉంటారని. నా తర్వాత పుట్టిన తమ్ముడు పాలు తాగే వయసులోనే జ్వరమొచ్చి పోయాడు. వాడూ అక్కడే ఉన్నాడు. అమ్మ ఏటా ఆ సాయంత్రం వెళ్లి, వెలుగు ఇంకిపోయేదాకా వాడి దగ్గర కూర్చుని వచ్చేది. మిగతా ఏడాదంతా ఆమె బతికింది ఆ కాసేపటి మీదే.

ఇక మా మాటతో వచ్చిన తంటా చెప్పాలి. మా వైపు చేనుకు ముళ్లకంపతో కట్టే దడిని కూడా వెలుగు అనే అంటారు. మేకలు పడకుండా నాయన చెలకలో సగం దాకానే కంప కట్టాడు. అంటే ముందు ముళ్ల వెలుగు, దానికి అవతల కొంత నేల, అందులో తమ్ముడు, ఆ తర్వాత అసలు వెలుగు.

ఫ్యాక్టరీ కోసం భూములు కొలవడానికి ఆఫీసరు వచ్చింది నడి ఎండాకాలంలో. మా చెలకకు సరైన కాగితాలు లేవు, తాతల నాటి నోటిమాట మీదే నడుస్తోంది. మీది ఎంతవరకని అడిగితే నాయన, "ఎలుగు దాంక మాదే సారూ" అన్నాడు. ఆఫీసరు కళ్లెదురుగా ఉన్నది ముళ్లకంప. గొలుసు అక్కడిదాకా లాగించి, అవతలిదంతా సర్కారుదన్నాడు. వానలు పడ్డాక నేలలోంచి వచ్చే వెలుగు సారూ అంటే ఆ ఇస్త్రీ బట్టలాయన నవ్వుతాడేమోనని నాయన సిగ్గుపడ్డాడట. సిగ్గు! తలుచుకుంటే నాకు ఇప్పటికీ ఒళ్లు మండుతుంది. అడగందే అమ్మయినా పెట్టదంటారు. మా నాయన ఆఫీసరే అడిగినా చెప్పలేకపోయాడు. అమ్మ ఆ సంగతి విని ఆ రోజు పొయ్యి ముట్టించలేదు.

ఆ ముళ్లకంప ఉన్నచోటే ఫ్యాక్టరీ గోడ లేచింది. గోడ మీద వరసగా కరెంటు దీపాలు పెట్టేసరికి ఊరికి వెలుగొచ్చిందని అందరూ సంబరపడ్డారు. ఆ ఏడాదే నాయన ఆ ఫ్యాక్టరీలో వాచ్‌మన్‌గా కుదిరాడు. ఖాకీ చొక్కా వేసుకుని గడప దాటుతుంటే అమ్మ, "ఎలుగే చేను మేసినట్టున్నది" అంది. అప్పటినుంచి వాళ్లిద్దరి మధ్య అవసరమైన మాటలే మిగిలాయి.

ఆయన ఆ కొలువులో చేరింది ఆమె కోసమేనని నాకు తర్వాత అర్థమైంది. మొదటి వానాకాలం రాకముందే, నేను గేటు తీస్తాను, నాతో రా అని బతిమాలాడు. నా బిడ్డ దగ్గరికి నేను ఇంకొకరి గేటు దాటి పోవాలా అని అమ్మ కదల్లేదు. నాయన మళ్లీ పిలవలేదు. కానీ ముసురు వదిలిన సాయంత్రం డ్యూటీ దిగి వచ్చి, గుమ్మంలో నిలబడి, వచ్చింది అని చెప్పేవాడు. అమ్మ లేచి దీపం ఆర్పేది. మేము చీకట్లో అన్నం తినేవాళ్లం. ఏటా ఇదే తంతు.

నేను పెళ్లై బొల్లారంలో కాపురముంటున్నప్పుడు నాయన మంచాన పడ్డాడు. చూడటానికి వచ్చాను. పొద్దు వాలుతుండగా ముసురు వదిలింది. ఈ ఏడు అమ్మకు కబురు చెప్పేవాళ్లు లేరు కదా అని నేనే బయల్దేరాను. నాయన నా చెయ్యి పట్టుకుని వదల్లేదు. భయపడుతున్నాడనుకుని, ఇప్పుడే వస్తానని విడిపించుకుని వెళ్లాను.

గేటు దగ్గర నాయనతో పనిచేసే ఇంకో వాచ్‌మన్ నన్ను గుర్తుపట్టి లోపలికి తీసుకెళ్లాడు. గుండ్లు లేవు, ఎప్పుడో పేల్చేశారు. నేలంతా సిమెంటు. దాని మీద వరసగా ఇనుప డ్రమ్ములు, కళ్లు మండే వాసన. వెలుగు ఎక్కడొస్తుందని అడిగితే ఆయన నా వైపు వింతగా చూశాడు.

"ఏం ఎలుగమ్మా? గోడ లేసిన ఏడే గీడ సిమెంట్ పోసిండ్రు. మీ నాయిన మాత్రం వానలు పడ్డంక వచ్చి ఈడనే కూసునేటోడు. ఏందన్నా అంటే చెప్పకపోతుండె."

నేను అక్కడే నిలబడ్డాను. ఏమీ రాలేదు. కాసేపటికి గోడ మీది దీపాలు వెలిగాయి.

ఇంటికొచ్చేసరికి అమ్మ దీపం పెట్టుకుని కూర్చుని ఉంది. మంచంలోంచి నాయన నా మొహం కేసే చూస్తున్నాడు. ఆయన మీద ఇన్నేళ్లు పెంచుకున్న కోపమంతా ఎటు పోయిందో, నాకు ఏడుపొచ్చింది. దాన్ని మింగి, "వచ్చింది" అన్నాను.

అమ్మ నన్ను ఎగాదిగా చూసింది.

"నీకు గూడ నేర్పిండా మీ నాయిన?"

అని, లేచి దీపం ఆర్పేసి, చీకట్లో తడుముకుంటూ వెళ్లి ఆయన మంచం మీద కూర్చుంది.