ముట్టుకున్న ఏనుగు

మూడుసార్లు దేశపు చదరంగం ఛాంపియన్ అయినా ఆఫీసులో అందరికీ ఆవిడ టైపిస్టమ్మే. మధ్యాహ్నం టిఫిను డబ్బా పక్కకు నెట్టి, చదరంగం పరిచి, ఎవరొస్తే వాళ్లతో ఆడుతుంది. ఎత్తు తేలేదాకా చేతులు రెండూ ఒళ్లో కట్టేసుకుని కూర్చుంటుంది. కళ్లు మాత్రం గళ్లన్నీ చుట్టి వస్తాయి. ఆరోజు కొత్తగా వచ్చిన డైరెక్టరు సరదాపడి ఎదురుగా కూర్చున్నాడు. ఆఫీసంతా చుట్టూ మూగింది. కాసేపు ఆడాక ఆయన ఏనుగును పట్టుకుని, అది కదిలితే తన ఆట కట్టేనని గ్రహించి, మెల్లగా వదిలేసి గుర్రం మీదికి చెయ్యి పోనిచ్చాడు.

"ముట్టుకున్నదే ఆడాలండీ," అంది ఆవిడ.

"పోనిద్దురూ, మీ ప్రమోషను ఫైలు ఆయన బల్ల మీదే ఉంది," అని హెడ్ గుమాస్తా ఆవిడ చెవిలో గొణిగాడు.

"ఉండనివ్వండి. నాలుగోసారి ఫైనల్లో నేను తొందరపడి బంటును పట్టుకున్నాను. ఎవరూ చూడలేదు. నేనే చెప్పి, అదే జరిపి, ఓడిపోయాను." డైరెక్టరు వైపు తిరిగింది. "ఏనుగండీ."

ఆయన గొంతు సవరించుకుని ఏనుగును జరిపాడు. అప్పటిదాకా ఒళ్లోనే ఉన్న ఆవిడ కుడిచెయ్యి లేచి, ఆట కట్టించి, టిఫిను డబ్బాకు మూత పెట్టింది.